అతికించిన ఆయుష్షు

ఆ రోజు పొద్దున రుయిఫాంగ్ వేసుకున్న పథకం చాలా చిన్నది. దక్షిణాన ఉన్న షావోషింగ్ నుంచి బయలుదేరిన రిటైరైనవాళ్ల యాత్రలో అది నాలుగో రోజు. కొందరు పాత కోటగోడ చూడటానికి పోతారు. ఇష్టమున్నవాళ్లు పక్క ఊళ్లో శ్యూలాన్ అనే ఆవిడ ఇంట్లో షాన్షీ నూడుల్స్ చేయడం నేర్చుకోవచ్చు. భర్త బావోలిన్‌ను వెంటబెట్టుకుని వెళ్లడం, నాలుగు ఫొటోలు దిగడం, చేసినవే తినేసి మధ్యాహ్నం బస్సెక్కడం. అంతే.

బావోలిన్ మంచం దిగలేదు. "ఇవాళ ఎక్కడికీ వద్దు. ఇద్దరం ఇక్కడే కూర్చుందాం" అన్నాడు. ఎందుకో చెప్పలేదు. నిన్న బస్సులో వెనక సీటు దొరికి, గోతులకు నడుం పట్టేసి ఉంటుందని ఆమె అనుకుంది. ముందు సీట్లు డెబ్బై నిండినవాళ్లకేనని గైడ్ కాగితం అంటించాడు. బావోలిన్‌కు ఇంకా ఆ యోగం పట్టలేదు.

"కూర్చోడానికి ఇంట్లో కుర్చీలు లేవా? ఇంత దూరం వచ్చింది లాడ్జి గోడలు చూడ్డానికా?" అని రుయిఫాంగ్ సంచి భుజాన వేసుకుంది. ఆయన గోడవైపు తిరిగి పడుకున్నాడు. నలభై ఏళ్ల కాపురంలో ఆ వీపును ఆమె చాలాసార్లు చూసింది. అందుకే ఆగి చూడలేదు.

శ్యూలాన్ ఇంటి వాకిట్లో పెద్ద బానలో నీళ్లు మరుగుతున్నాయి. చుట్టూ ఎనిమిదిమంది ఆడవాళ్లు నడుముకు గుడ్డలు కట్టుకుని నిలబడ్డారు. పిండిముద్దను ఎడమచేతి మీద పెట్టుకుని, వంపు తిరిగిన కత్తితో చెక్కుతూ నేరుగా నీళ్లలోకి ఎగరేయాలి. రుయిఫాంగ్ పిండి పలచనైంది. అది ఆమె చేతిమీద కాసేపు కూర్చుని, మోచేతి దాకా జారి, మొత్తంగా బానలో మునిగిపోయింది. పక్కన తావ్ అనే ఆవిడ చెక్కిన ముక్కలు మాత్రం ఒకదాని వెనక ఒకటి వరుసగా దూకుతున్నాయి. తావ్ యాత్రలోనే పరిచయమైంది. రైలెక్కినప్పటి నుంచి ఏ విషయంలోనూ రుయిఫాంగ్ కంటే వెనకపడకుండా జాగ్రత్తపడుతోంది.

"తప్పు నీది కాదులే అక్కా. దక్షిణాదివాళ్లవి అన్నం తినే చేతులు కదా, గోధుమపిండి మాట వినదు" అంది శ్యూలాన్, బానలోంచి ముద్దను గరిటెతో తీస్తూ.

"నావీ అన్నం తినే చేతులే" అంది తావ్ మెల్లిగా.

రుయిఫాంగ్‌కు ఒళ్లు మండింది. ఆ మంటలోనే అరుగుమీద నూనె రాసిన పళ్లెం ఆమె కంటపడింది. అందులో చిటికెనవేలంత లావున పిండి తాడు, పాము పడుకున్నట్టు చుట్టలు చుట్టుకుని ఉంది. అదేమిటని అడిగితే శ్యూలాన్ చెప్పింది. అది ఒంటిపోగు. గిన్నెడు నూడుల్స్ అంతా ఒకే పోగు, ఎక్కడా తెగకుండా సాగదీస్తారు. పుట్టినరోజువాడు దాన్ని కొరక్కుండా తినాలి, పోగు ఎంత పొడుగైతే ఆయుష్షు అంత. చుట్టింది మీకు చూపించడానికే గానీ లాగి వండటానికి కాదని కూడా చెప్పింది. సరదాకి లాగితే తన అత్తగారు ఊరుకోదట. పుట్టినరోజైనా అరవయ్యో డెబ్బయ్యో నిండితేనే చేస్తారట.

"ఇవాళ మా ఆయన పుట్టినరోజు" అంది రుయిఫాంగ్. అన్నాక నోరు ఆగలేదు. "డెబ్బై నిండాయి."

తావ్ కత్తి ఆగింది. ఆ ఒక్క క్షణం కోసం రుయిఫాంగ్ ఇంకో పదేళ్లయినా కలిపేదే.

అక్కడితో ఆగుతుందనుకుంది. కానీ శ్యూలాన్ మొహం మారిపోయింది. డెబ్బై నిండిన మనిషి తన ఊరి పక్కనే ఉండి, లాడ్జిలో ఒంటరిగా పడుకోవడం ఏమిటని నొచ్చుకుంది. లోపలికి వెళ్లి అత్తగారిని చేయి పట్టుకుని తీసుకొచ్చింది. తొంభై ఒకటో ఏట ఉన్న ఆ అవ్వ గోడమీదుగా పక్కింటికి కేకేసింది. పక్కిల్లు ఎదురింటికి కేకేసింది. పుట్టినరోజు పెద్దమనిషి గిన్నెలో ఇంటికొక నూడుల్ వేసి తమ ఆయుష్షు కొంచెం కలపడం ఆనవాయితీ కాబట్టి, పావుగంటలో వాకిలంతా గిన్నెలు పట్టుకున్న మనుషులతో నిండిపోయింది. శ్యూలాన్ మొగుడు బావోలిన్‌ను తేవడానికి మూడు చక్రాల బండి తీశాడు. ఆయనకు నడుం నొప్పి, రాలేడని రుయిఫాంగ్ అడ్డుపడబోయింది. పరుపు వేసి తెస్తానని అతను వెళ్లిపోయాడు.

పోగు భార్యే లాగాలన్నారు, ఇక రుయిఫాంగ్‌కు తప్పలేదు. రెండు వేళ్ల మధ్య తాడును నలుపుతూ, సన్నగా సాగదీస్తూ, ఆగకుండా నీళ్లలోకి వదలాలి. సగం దాకా బాగానే సాగింది. అంతలో నడుముకు కట్టుకున్న గుడ్డ జేబులో ఫోన్ మోగింది. తొంగిచూస్తే కూతురు మింగ్‌యా. చేతులకు పిండి, తియ్యలేదు. ఆ చూసిన లిప్తలోనే పోగు పుటుక్కున తెగింది.

శ్యూలాన్ వీధి గుమ్మం దగ్గర బల్లలు వేయిస్తోంది. తావ్ అవ్వకు తన నూడుల్స్ రుచి చూపిస్తోంది. ఆవిరి దట్టంగా ఉంది. రుయిఫాంగ్ వేళ్లు తడిచేసుకుని, తెగిన రెండు కొసలూ ఒకదానిమీద ఒకటి పెట్టి, గట్టిగా నొక్కి, నీళ్లలోకి జార్చేసింది. అసలు పుట్టినరోజే లేనప్పుడు ఆయుష్షు ఎక్కడ తెగితే ఏమిటనుకుంది.

బండి వచ్చింది. శ్యూలాన్ మొగుడు పొదుపుగా మాట్లాడే మనిషి. "మీ ఆవిడ దగ్గరికి తొందరగా రావాలి, ఊరంతా అక్కడే ఉంది" అని మాత్రం చెప్పాడట. బావోలిన్ ఒక కాలికి బూటు, ఒక కాలికి లాడ్జి చెప్పుతో దిగాడు. మొహంలో నెత్తురు చుక్క లేదు. ఒక చేతిలో వేణ్నీళ్ల ఫ్లాస్కు, ఇంకో చేతిలో రుయిఫాంగ్ రక్తపోటు మాత్రల డబ్బా. జనాన్ని తోసుకుంటూ వచ్చి, ఆమె నిలబడే ఉండటం చూసి, పక్కనున్న స్తంభాన్ని పట్టుకున్నాడు.

అందరూ ఒక్కసారి శుభాకాంక్షలు చెప్పారు. డెబ్బై దాటారు, ఇక తొంభైకి అడ్డేముందన్నారు. ఆయన్ను కూర్చోబెట్టి ముందు గిన్నె పెట్టారు. ఏమీ అనకుండా తినేయమని రుయిఫాంగ్ కన్నుగీటింది. ఆయన చూడలేదు. ఆయన కళ్లు అప్పటికే నిండిపోయాయి.

"గుర్తుపెట్టుకున్నావా?" అన్నాడు, ఆమెకు మాత్రమే వినపడేలా. "పొద్దున నువ్వేమీ అనకపోతే మర్చిపోయావనుకున్నాను. నాలుగో నెల పంతొమ్మిది."

రుయిఫాంగ్ మనసులోనే తేదీలు లెక్కేసింది. గుర్తింపు కార్డులో ఏ గుమాస్తానో రాసిన నవంబరు తేదీ వేరు, ఇంట్లో పాత పంచాంగం ప్రకారం చేసుకునే రోజు వేరు. ఆ రోజు ఇదే. నిండింది అరవై ఆరు. ఆ ఏడు యముడు భోజనానికి పిలుస్తాడని వాళ్లవైపు పెద్దవాళ్లు భయపడతారు. అందుకే కూతురు అరవై ఆరు మాంసం ముక్కలు వండి తండ్రికి పెట్టి గండం దాటిస్తుంది. మింగ్‌యా ఫోన్ అందుకే. బావోలిన్ తండ్రి సరిగ్గా అరవై ఆరు నిండిన ఏడే పోయాడు. పొద్దున ఈయన మంచం దిగనిది నడుం నొప్పికి కాదు. ఈ ఒక్కరోజూ భార్య పక్కన కూర్చోమంటే, కుర్చీల గురించి మాట్లాడింది తను. ఏటా ఆమె పుట్టినరోజున ఆయన చెప్పాపెట్టకుండా లేచి రెండు గుడ్లు కొట్టి నూడుల్స్ చేసేవాడు. ఉప్పెక్కువైందని చెప్పి తినడం తప్ప ఆమె ఎన్నడూ చేసిందేమీ లేదు. అన్నేళ్లకూ కలిపి ఇవాళ ఒక్కసారి చేసింది. అది కూడా తెగింది.

ఆమె గబుక్కున గిన్నె పట్టుకుంది. చల్లారిపోయింది, ఇంకోటి చేసి తెస్తానంది. అవ్వ చాప్‌స్టిక్స్‌తో ఆమె వేళ్లమీద ఒక్కటిచ్చింది.

"పుట్టినరోజువాడి ముందు పెట్టింది తియ్యకూడదు. తిను నాయనా. కొరక్కు."

బావోలిన్ కొస అందుకుని పీల్చడం మొదలెట్టాడు. రుయిఫాంగ్ పోగునే చూస్తూ నిలబడింది. జన్మలో దేనినీ ఆమె అంత శ్రద్ధగా చూడలేదు. చెయ్యని పూజలన్నీ ఆ క్షణంలో మొక్కుకుంది. ఇంతలో అతుకు వచ్చింది. ఉడికి, వేరుశనగ గింజంత ఉబ్బి, ఊగుతూ ఆయన పెదవి దాకా వచ్చి ఆగింది. ఆయన దాన్ని చూశాడు. కళ్లెత్తి ఆమెను చూశాడు. తర్వాత కళ్లు మూసుకుని గుటుక్కున మింగేశాడు.

పొలమారింది. ఆయన ఎర్రబడి దగ్గుతుంటే రుయిఫాంగ్ వీపుమీద దబదబ బాదింది. బాదుతూ ఏడ్చింది. ఎంత ప్రేమో చూడండని ఎదురింటావిడ ముక్కు తుడుచుకుంది. పోగు మాత్రం తెగలేదు. ఆ తర్వాత పదిహేడు ఇళ్లవాళ్లు తలా ఒక నూడుల్ వేశారు. ఆయన అన్నీ తిన్నాడు. తావ్ కూడా ఒకటి వేసింది, అది కూడా చక్కగానే ఉంది.

బస్సు కోసం ఇద్దరూ వీధి చివర గట్టుమీద కూర్చున్నారు. మాత్రల డబ్బా ఇంకా ఆయన చేతిలోనే ఉంది.

"మధ్యలో ముడి ఉంది" అన్నాడు.

"తెగింది. అతికించాను." ఆమె మిగిలింది కూడా చెప్పేసింది. "నాకు గుర్తులేదయ్యా. ఆ తావ్ ముందు తల తీసేసినట్టై అబద్ధమాడాను. నీ పుట్టినరోజని తెలిసి అనలేదు."

"తెలుసు."

"ఎప్పుడు తెలిసింది?"

"వాళ్లు డెబ్బై అన్నప్పుడు. రోజు గుర్తున్నదానివి వయసు మర్చిపోతావా?"

"మరి అడిగావు కదా, గుర్తుపెట్టుకున్నావా అని."

"అవునంటావేమోనని అడిగాను."

రుయిఫాంగ్ తలెత్తలేకపోయింది. తిట్టినా బాగుండేది. నలభై ఏళ్లుగా అలవాటు లేని మాట కోసం వెతుక్కుంది గానీ నోటికి రాలేదు.

"ఉప్పు సరిపోయిందా?" అంది చివరికి.

"కొంచెం ఎక్కువైంది" అన్నాడు బావోలిన్. "మా నాన్న అరవై ఆరు దాటలేదు. నువ్వు ఒక్క మాటతో నన్ను డెబ్బైలో పడేశావు. ఆ నాలుగేళ్లూ మాత్రం వెనక్కివ్వను."

ఆమె ఆయన కాలికున్న లాడ్జి చెప్పును చూస్తూ ఉండిపోయింది. అదైనా వెంటనే తిరిగిచ్చేయాలని చెబుదామనుకుంది, చెప్పలేదు.

బస్సు వచ్చింది. తావ్ అప్పటికే అందరికీ చెప్పేసింది కాబట్టి గైడ్ దిగి, బావోలిన్ చేయి పట్టుకుని ఎక్కించి, ముందు సీట్లో కూర్చోబెట్టాడు. బావోలిన్ మారుమాట్లాడకుండా కూర్చున్నాడు. వయసు పెంచి చెప్పేవాళ్లు ఎవరూ లేకపోవడంతో రుయిఫాంగ్ వెనక సీటుకు వెళ్లింది.