తోడికి అడ్డొచ్చిన వేలు

తిరుపతిలో బొమ్మలు గీసే మహితకు కొన్నాళ్లుగా కచేరీలను వీడియో తీసే పిచ్చి పట్టుకుంది. వాయించేవాళ్ల బుగ్గలు, వేళ్లు, ఊపిరి తీసుకునే తీరు, అన్నీ ఆమె కంటికి బొమ్మలే. ఆ పొద్దున భర్త వంశీ చేతికి రెండో కెమెరా ఇచ్చి పూతలపట్టులో ఒక పెళ్లికి బయల్దేరింది. పెళ్లితో ఆమెకు పనిలేదు. అక్కడ నాదస్వరం వాయించే మునిచంద్ర వచ్చేవారం ముందుపళ్లు తీయించుకుంటున్నాడు. ఆ తర్వాత ఆయన వాయించడం కల్ల. ఆయన తోడి రాగాన్ని ఒక్కసారైనా మొదలు నుంచి చివరిదాకా పట్టాలని ఆమె ఆశ. పెళ్లిళ్లలో అది సగం దాటిన పాపాన పోలేదు.

ఎందుకంటే పురోహితుడు చెయ్యెత్తితే, రాగం ఎంత రసపట్టులో ఉన్నా ఆపి గట్టిమేళం కొట్టాల్సిందే. ఆ సంగతి మహితకు తెలుసు. తాను చెయ్యెత్తినా అంతేనని మాత్రం తోచలేదు.

మునిచంద్ర తోడి అందుకున్నాడు. కెమెరా పైకి పట్టమని మహిత వంశీకి వేలెత్తి చూపింది. డోలు సుందరరాజు కంట్లో ఆ వేలే పడింది. గట్టిమేళం మోగింది. కబుర్లలో ఉన్న చుట్టాలు అలవాటు కొద్దీ అక్షింతలు విసిరారు. అవన్నీ గణపతి పూజ చేస్తున్న పురోహితుడి నెత్తిన పడ్డాయి. తాళి కట్టేశారనుకుని సగం మంది భోజనాలకు లేచారు, వంటవాళ్లు ఆకులు పరిచేశారు. గదిలో పంచె కట్టుకుంటున్న పెళ్లికొడుకు హరినాథ్ కుచ్చిళ్లు చేత్తో పట్టుకుని పరుగెత్తుకొచ్చాడు.

"నేను లేకుండానే కట్టేసినారా?"

పెళ్లికూతురి తండ్రి గుణశేఖర్ సుందరరాజు మీద విరుచుకుపడ్డాడు. "ఎవరు కొట్టమన్నారప్పా నిన్ను?"

"ఆ పాప వేలెత్తింది గదా సామీ."

"అట్లయితే ఇంక ఆ పాప చెప్తేనే కొట్టు. మేమంతా ఊరికే వచ్చినాం ఈడికి."

వెటకారం సుందరరాజుకు తలకెక్కదు. బుద్ధిగా సరేనన్నాడు.

మహిత చేతులు కట్టుకుని కూర్చుంది. లేచిన చుట్టాలంతా తిరిగొచ్చి కూర్చున్నారు. ముహూర్తం దగ్గరపడ్డాక మునిచంద్ర తోడిని మళ్లీ మొదటి నుంచి ఎత్తుకున్నాడు. ఈసారి వాయిస్తూ వాయిస్తూ ఒళ్లు మరిచిపోయాడు. మహిత కళ్లలో నీళ్లు తిరిగాయి. సరిగ్గా అప్పుడే పురోహితుడు చెయ్యెత్తాడు. సుందరరాజు కదల్లేదు, మహిత వైపు చూశాడు.

"కొట్టప్పా, ముహూర్తం దాటిపోతా ఉండాది," అన్నాడు గుణశేఖర్.

"పాప చెప్పల్ల గదా సామీ."

హరినాథ్ తాళి ఎత్తి పట్టుకుని నిలబడ్డాడు. మంటపమంతా మహితనే చూస్తోంది. ఇంకాసేపు ఊరుకుంటే రాగం మొత్తం దక్కుతుంది. కానీ పెళ్లికూతురు ఏడుపుముఖంతో తలెత్తి చూసేసరికి ఆమెకు మనసొప్పలేదు. వేలెత్తింది.

గట్టిమేళం మోగింది, తాళి పడింది, తోడి తెగింది. జనమంతా పంక్తులకు పరుగు తీశారు. మహిత ఎవరికీ ముఖం చూపకుండా కెమెరా సంచి సర్దుకోసాగింది.

"యాడికి పోతావు పాపా?" అన్నాడు మునిచంద్ర. "ఇంక వేలెత్తేదానికి ఈడ ఎవరుండారు? కూర్చో. ఈ పళ్లు ఉండంగానే వాయిస్తా."

ఖాళీ కుర్చీల ముందు ఆయన తోడిని చివరిదాకా వాయించాడు. సుందరరాజు డోలు దించి, కళ్లు మూసుకుని విన్నాడు.

వంశీతో కలిపి నలుగురూ భోజనాలకు వెళ్లేసరికి మజ్జిగ ఒక్కటే మిగిలింది. అది మాత్రం చాలా బాగుంది.