సొంత గోడకి మేకు

ఆ రోజు ఉదయం బాబాయి వేసుకున్న పథకం చాలా చిన్నది. బ్యాంకుకి వెళ్ళి ఇంటి అప్పు తీరినట్టు కాగితం, ఇంటి అసలు దస్తావేజులు తెచ్చుకోవాలి. దారిలో ఒక మేకు కొనాలి. ఇంటికొచ్చి హాలు గోడకి ఆ మేకు కొట్టి నాన్న ఫొటో తగిలించాలి. తర్వాత టీ పెట్టుకుని ఆ ఫొటో ఎదురుగా కూర్చుని తాగాలి. అంతే. ఇందులో రెండో మనిషి అవసరం ఎక్కడా లేదు. ఆయన పథకాల్లో రెండో మనిషి ఉండి చాలా కాలమైంది.

ఆయన్ని బాబాయి అని పిలిచేది అన్నగారి పిల్లలు కారు, తూకం యంత్రాల ఫ్యాక్టరీలో తోటి ఉద్యోగులు. తయారైన ప్రతి యంత్రం మీదా తూకపు రాళ్ళు పెట్టి, అది నిజం చెబుతోందో లేదో చూడటం ఆయన పని. ఆవగింజంత తేడా కనిపించినా మొహమాటం లేకుండా వెనక్కి పంపేస్తాడు.

నాన్న బస్తాలు మోసి బతికాడు. కుటుంబమంతా అద్దె గదుల్లోనే పెరిగింది. ఒకసారి అమ్మ క్యాలెండర్ తగిలించుకోవడానికి గోడకి మేకు కొడితే, ఇంటాయన మర్నాడే గది ఖాళీ చెయ్యమన్నాడు. సామాను బండి మీదకి ఎక్కిస్తూ నాన్న కొడుకుతో ఒక్క మాటే అన్నాడు. "సొంత గోడకి మేకు కొట్టుకునేంత చదువుకోరా."

కొడుకు డిగ్రీ చదివాడు. ఆ వంశంలో అదే మొదటి డిగ్రీ. ఉద్యోగం వచ్చింది. ముప్పై మూడో ఏట, ఇరవయ్యేళ్ళలో తీరే అప్పు మీద, మూడో అంతస్తులో రెండు పడగ్గదుల ఇల్లు కొన్నాడు. కానీ మేకు మాత్రం కొట్టలేదు. దస్తావేజులు బ్యాంకులో ఉన్నంతకాలం గోడ బ్యాంకుదేనని ఆయన నమ్మకం. నాన్న పోయినప్పటి నుంచీ ఫొటో కిటికీ గూట్లో, గోడకి జారబడి, ఎవరో పిలిస్తే లేచి వెళ్దామన్నట్టు ఎదురుచూస్తోంది.

మేకుతోపాటు ఇంకా చాలా వాటిని ఆయన "అప్పు తీరాక చూద్దాం" అన్నాడు. సోఫా, ఫ్యాక్టరీ వాళ్ళ విహారయాత్రలు, అక్క కూతురి పెళ్ళికి నాలుగు రోజులు ముందే వెళ్ళడం. పెళ్ళి కూడా. ఒక స్కూలు టీచరు రెండేళ్ళు ఆగి, మీ అప్పు ఎప్పటికి తీరుతుందని నెమ్మదిగా అడిగింది. ఈయన నిజాయితీగా తారీఖు చెప్పాడు. ఆవిడ కొడుకు ఇప్పుడు కారు నడుపుతున్నాడు. ఇంట్లో ఉన్నది ఒకటే కుర్చీ. రెండోది కొని ఖాళీగా చూసుకోవడం కంటే కొనకపోవడమే చవకని ఆయన తేల్చుకున్నాడు.

ఇన్నేళ్ళూ తనని కాపాడుకొచ్చింది బ్యాంకేనని బాబాయి గట్టి అభిప్రాయం. వడ్డీ పెరిగిన ప్రతిసారీ ఫోన్‌కి సందేశం వచ్చేది. తెర మీద మొదటి వాక్యం కనిపించేది: మీ నెలసరి వాయిదాలో మార్పు లేదు. ఆయన గుండెల నిండా గాలి పీల్చుకుని, సందేశం తెరవకుండానే తుడిచేసేవాడు. మొదటిసారి వడ్డీ పెరిగినప్పుడే, వాయిదా పెంచొద్దని వెళ్ళి రాసిచ్చాడు. వాళ్ళు ఒక్క ప్రశ్న అడక్కుండా ఒప్పుకున్నారు. అంత మర్యాదస్తుల్ని తానెక్కడా చూడలేదనీ, మీరూ అలాగే రాసివ్వండనీ ఫ్యాక్టరీలో ఇల్లు కొన్న ప్రతివాళ్ళకీ చెప్పాడు. చాలామంది రాసిచ్చారు.

సరే, ఆ ఉదయం పథకం చెడింది అక్క ఫోన్‌తో. ఊరికే కుశలం కనుక్కోవడానికి చేసింది. ఇవాళ్టితో అప్పు తీరుతోందని ఈయన నోరు జారాడు. అక్క వెంటనే అందుకుంది.

"అయితే మేమంతా వస్తున్నాం. ఇల్లు చూస్తామంటే అప్పు తీరాక రమ్మని ఇరవయ్యేళ్ళ నుంచి చెబుతున్నావు. ఇంకేం సాకు మిగిలిందో చెప్పు."

ఇంకే సాకూ మిగల్లేదు. బావ, కూతురు, అల్లుడితో సహా మధ్యాహ్నం బస్సు దిగుతామంది.

తర్వాత సెలవు కోసం స్టోర్సు ఇన్‌ఛార్జికి ఫోన్ చేసి కారణం చెప్పాడు. ఆయన చెవిలో పడ్డ మాట నీళ్ళలో పడ్డ నూనెచుక్క. బాబాయి గడ్డం గీసుకోవడం పూర్తయ్యేలోగా మేనేజరే ఫోన్ చేశాడు. మధ్యాహ్నం ఫ్యాక్టరీ వ్యానులో అందరూ వస్తున్నారట. భోజనాలు వాళ్ళే తెస్తారట. మీరు కూర్చోడానికి చోటు చూపిస్తే చాలన్నాడు.

చోటుంది. కుర్చీలు లేవు. వీధి చివర కుర్చీలు అద్దెకిచ్చే షాపులో ముప్పై కుర్చీలు పంపమన్నాడు. ఏం శుభకార్యమని షాపువాడు అడిగితే అప్పు తీరిందన్నాడు. వాడు పెన్ను ఆపి తలెత్తి చూశాడు.

"ఇన్నేళ్ళలో ఆ కార్యానికి నా కుర్చీలు వెళ్ళడం ఇదే మొదలు సార్."

బాబాయి నవ్వాడు. పక్క షాపులో మేకు కొని జేబులో వేసుకున్నాడు. బ్యాంకు దాకా కూనిరాగం తీస్తూ నడిచాడు. ఒక సాయంత్రం మాట అటుంచి, ఒక గంటైనా తన ఇంట్లో నలుగురు గట్టిగా మాట్లాడుకోగా ఆయన వినలేదు. ఇవాళ వింటాడు.

బ్యాంకులో అప్పుల కౌంటర్ దగ్గర ఉన్నావిడ నంబరు కొట్టి చూసింది. కళ్ళజోడు సర్దుకుని మళ్ళీ చూసింది.

"మీది ఇంకా తొమ్మిదేళ్ళుంది సార్."

ఎవరిదో చూస్తున్నారని ఆయన మర్యాదగా అన్నాడు. ఆవిడ తెర ఆయన వైపు తిప్పింది. పేరు ఆయనదే. వడ్డీ పెరిగినప్పుడు నెల వాయిదా అయినా పెరగాలి, కట్టే గడువైనా పెరగాలి అని ఆవిడ విడమరిచి చెప్పింది. వాయిదా పెంచొద్దని మీరే రాసిచ్చారు కాబట్టి గడువు పెరుగుతూ వచ్చింది. ఆ సంగతి ప్రతి సందేశంలోనూ రెండో వాక్యంలో ఉంటుంది. మొదట్లో కట్టే వాయిదాల్లో చాలా భాగం వడ్డీకే పోతుంది కాబట్టి అసలు కరిగింది కొంచెమే. అసలులో ఇంకా సగానికి పైగానే ఉంది.

"ఆఖరుకి మొత్తం ఎంత కట్టినట్టవుతుందమ్మా?"

"ఇలాగే కడితే దగ్గర దగ్గర మూడిళ్ళ ఖరీదు సార్."

"నేను ఒకటే కొన్నాను," అన్నాడు బాబాయి.

ఆవిడ తెరని మళ్ళీ తనవైపు తిప్పుకుంది. మంచినీళ్ళు కావాలా అని అడిగింది. ఆయన లేవబోతే జేబులో మేకు తొడలో గుచ్చుకుంది.

బయట మెట్ల మీద నిలబడి ఆలోచించాడు. తొమ్మిదేళ్ళ మాట తర్వాత. ముందు మధ్యాహ్నం వచ్చే జనాన్ని ఆపాలి. నిజం చెబితే నవ్వుతారు. అంతకంటే ముందు, తన మాట విని రాసిచ్చిన వాళ్ళందరి మొహాలూ గుర్తొచ్చాయి. నవ్వితే భరించొచ్చు. ఇక ఎప్పటికీ తన గడప తొక్కకపోతే?

స్టోర్సు ఇన్‌ఛార్జికి ఫోన్ చేసి ఒంట్లో బాగాలేదు, ఇంకోసారి చూద్దామన్నాడు. అది సంతోషం పట్టలేక వచ్చే నీరసమని అవతలాయన నిర్ధారించాడు. ఒంటరిగా ఉండకూడదంటూ వ్యానుని గంట ముందే బయల్దేరదీశాడు. ఫ్యాక్టరీ నర్సుని కూడా ఎక్కించాడు.

అక్కకి ఫోన్ చేసి మా ఇంట్లో నీళ్ళు రావట్లేదన్నాడు. పాపం ఇన్నాళ్ళూ చెప్పుకోలేదు అని అక్క కళ్ళొత్తుకుని, బస్సు దిగగానే ఆటో మాట్లాడి ఆరు నీళ్ళ డబ్బాలు వేయించుకొచ్చింది.

ఇక మిగిలింది ఇంటికి వెళ్ళకపోవడమే. బాబాయి వీధి మలుపులో నిలబడి, అందరూ తలుపు తట్టి చూసి వెళ్ళిపోతారని ఎదురుచూశాడు. వాళ్ళు వెళ్ళలేదు. షాపువాడు దింపిన కుర్చీలు వరండాలో వేసుకుని కూర్చున్నారు. లోపల స్పృహ తప్పి పడిపోయాడేమోనని నర్సు అనుమానించడంతో, తలుపు పగలగొట్టే మనిషి కోసం బావ కిందికి పరుగెత్తి, మలుపులో ఆయన్నే గుద్దుకున్నాడు.

"బయటే ఉన్నావా? మేము నిన్ను లోపల చంపేస్తున్నాం," అన్నాడు బావ రొప్పుతూ.

తలుపు తీశాక ఇల్లు క్షణంలో నిండిపోయింది. వంటగదిలో ఎవరో గిన్నెలు వెతుకుతున్నారు. రెండో పడగ్గదిలో అక్క కూతురు నవ్వుతోంది. ఆ గదిలో నవ్వు ఎలా ఉంటుందో ఆయనకి తెలియదు. గోడలు ఖాళీగా ఉండటం వల్ల కాబోలు, అది రెండుసార్లు వినిపించింది. బాబాయి గుమ్మం దగ్గరే నిలబడిపోయాడు. పెదవి విప్పితే ఇదంతా ఆగిపోతుంది.

భోజనాలయ్యాక మేనేజరు లేచి, బాబాయిని చూసి కుర్రవాళ్ళు నేర్చుకోవాలని చెప్పాడు. ఎకౌంట్స్ అమ్మాయి, బాబాయి సలహా మీద కిందటి ఏడే ఇల్లు కొన్న పిల్ల, రంగు కాగితంలో చుట్టిన పొట్లం తెచ్చి చేతిలో పెట్టింది. విప్పితే చిన్న సుత్తి. మేకు కథ ఫ్యాక్టరీలో తెలియనివాళ్ళు లేరు.

అక్క ఫొటో తుడిచి పట్టుకుంది. నలుగురు ఫోన్లు ఎత్తారు. బాబాయి జేబులోంచి మేకు తీసి గోడకి ఆనించాడు. సుత్తి ఎత్తాడు. చెయ్యి అక్కడే ఉండిపోయింది. నొప్పిగా ఉందేమోనని నర్సు ముందుకొచ్చింది.

"ఈ గోడ ఇంకా నాది కాదు," అన్నాడు.

తర్వాత మొత్తం చెప్పాడు. గోడవైపు తిరిగే చెప్పాడు. రెండో వాక్యం గురించి, తొమ్మిదేళ్ళ గురించి, మూడిళ్ళ ఖరీదు గురించి. ఆవగింజ తేడా పట్టే తన కంటికి ఇది ఆనలేదని కూడా చెప్పాడు.



"మీరు చెప్పారనే కదా బాబాయ్, నేనూ రాసిచ్చాను," అంది ఎకౌంట్స్ అమ్మాయి. గొంతులో కోపం లేదు. అందుకే ఆయనకి ఎక్కువ గుచ్చుకుంది.

వీడియో తీస్తున్న ఫోన్లన్నీ కిందికి దిగాయి. ఒక్కొక్కరూ తమ తమ అప్పుల లెక్క తెరుచుకున్నారు. ముప్పై కుర్చీల్లోనూ కిర్రుమన్న శబ్దం లేదు. ఆ అమ్మాయికి ఒక్క ఏడాదిలోనే రెండేళ్ళు పెరిగాయి. స్టోర్సు ఇన్‌ఛార్జి వేళ్ళు మడిచి లెక్కేసి, తను రిటైరైన ఏడేళ్ళకి తీరుతుందన్నాడు. మేనేజరు తన ఫోన్ చూసుకుని, దాన్ని తిరగేసి ఒళ్ళో పెట్టుకున్నాడు.

బాబాయి గుమ్మానికి అడ్డు తప్పుకుని నిలబడ్డాడు, వెళ్ళేవాళ్ళకి దారిగా ఉంటుందని. ఎవరూ లేవలేదు. కాసేపటికి స్టోర్సు ఇన్‌ఛార్జి గట్టిగా నిట్టూర్చి కాళ్ళు చాపుకున్నాడు.

"ఇప్పుడు ఇంటికెళ్తే మా ఆవిడకి ఇది చెప్పాలి. నేనైతే కదలను."

ముందు మేనేజరు నవ్వాడు. తర్వాత అందరూ నవ్వారు, నర్సు కూడా. ఆవిడకి సొంతిల్లు లేదు, అందుకని కాస్త హాయిగా నవ్వింది.

అక్క మాత్రం నవ్వలేదు. వచ్చి తమ్ముడి చేతిలోంచి సుత్తి తీసుకుంది.

"అసలులో సగం తీర్చావు కదా?"

"సగం కంటే తక్కువక్కా."

"అయితే గోడ మధ్యలో వద్దు, కాస్త పక్కకి కొడదాం. ఆ మేరకి నీదే."

రెండు దెబ్బల్లో కొట్టేసింది. సున్నం పెచ్చు ఒకటి రాలి బావ కాఫీలో పడింది. నాన్న కిటికీ గూట్లోంచి లేచి, గోడ మీద ఓ పక్కగా, కొంచెం వంకరగా సర్దుకున్నాడు.

ఎకౌంట్స్ అమ్మాయి నేలమీద కూర్చుని లెక్కలు మొదలెట్టింది. నెల వాయిదా కాస్త పెంచితే, బోనస్ వచ్చినప్పుడల్లా అసలుకి కడితే, బాబాయి తొమ్మిదేళ్ళు అయిదుకి దిగుతున్నాయి. అందరూ తమవీ చెయ్యమని చుట్టూ చేరారు. అవి ఒక్కరోజుతో తెమిలేవి కావు. ప్రతి నెలా మొదటి ఆదివారం ఇక్కడే కలిసి, ఒకరి సందేశాలు ఒకరు రెండో వాక్యం దాకా చదవాలని తీర్మానమైంది. తాను కూడా వస్తాననీ, లెక్కలు రావు గానీ గోడలింకా మూడున్నాయనీ అక్క చెప్పింది.

అప్పు తీరి ఉంటే వాళ్ళు భోంచేసి అభినందించి మూడింటికల్లా వెళ్ళిపోయేవాళ్ళని బాబాయికి అప్పుడు తట్టింది.

చీకటి పడుతుండగా షాపువాడు కుర్చీల కోసం వచ్చాడు. బాబాయి ఒక కుర్చీ మీద చెయ్యి వేసి, అద్దెకి కాదు, పన్నెండు కొనుక్కుంటే ఎంతవుతుందని అడిగాడు. ఒకేసారి కట్టక్కర్లేదనీ, నెలనెలా ఇచ్చుకోవచ్చనీ షాపువాడు ఉదారంగా చెప్పాడు.

బాబాయి వాణ్ణి కుర్చీలో కూర్చోబెట్టి, తాను ఎదురుగా ఇంకో కుర్చీలో కూర్చుని, రెండో వాక్యం ఏమిటని అడిగాడు.