ఒక్క కొమ్ము తక్కువైన వేదాంతం

ఎవరైనా తలుపు తడితే లేచి వెళ్లి తీసే మనుషులు ఇంకా ఉన్నారంటే నాకు జాలి వేస్తుంది. ఈ కాలంలో కూడా ఏమిటండీ ఈ మోటుతనం? తట్టగానే తీసెయ్యడమేనా? తట్టినవారి తాత్విక నేపథ్యమేమిటి, తీసేవారి సామాజిక స్థానమేమిటి, అసలు తలుపంటే ఏమిటి అని ఒక్క క్షణమైనా ఆలోచించరా?

తెలివిలేని రోజుల్లో నేనూ తీసేవాణ్ణే. ఇప్పుడు మారాను. నన్ను మార్చింది ఆధునిక వేదాంత పాండిత్యం. దాని మేలు మీక్కూడా దక్కాలని ఈ నాలుగు ముక్కలు రాస్తున్నాను.

ముందు నా సంగతి. పాస్టర్లను తయారుచేసే ఒక వేదాంత కళాశాల ప్రెస్సులో నేను ప్రూఫ్ రీడర్ని. పందొమ్మిదేళ్లుగా పండితులు రాసినదాంట్లో దీర్ఘాలు, వత్తులు, కొమ్ములు సరిచూసి పొట్ట పోసుకుంటున్నాను. కళాశాల క్వార్టర్సులోనే రెండు గదుల్లో కాపురం. దైవకృప మీద నేను దిద్దినన్ని పేజీలు మరే భక్తుడూ చదివి ఉండడు. అయినా నాలో మార్పేమీ రాలేదని మా ఆవిడ అంటుంది.

మా దగ్గర క్రైస్తవ నీతిశాస్త్రం చెప్పే ప్రొఫెసరుగారు ఒకరున్నారు. విద్యార్థులు చాటుగా ఆయన్ని ఫుట్‌నోటుగారు అంటారు. మంచినీళ్లు ఇచ్చినా, దాహం గురించి ఎవరెవరు ఏమన్నారో చెప్పి గానీ ఆయన గ్లాసు అందుకోరు. కొమ్ములు తిరిగిన పండితుడు, అందులో సందేహం లేదు. ఆయన ఖ్యాతికి మూలం మాత్రం ఒక్క కొమ్ము లేకపోవడం! ఆ సంగతి చాలాకాలం నాకొక్కడికే తెలుసు.

ఏం జరిగిందంటే, మూడేళ్ల క్రితం ఆయన ఆతిథ్యం మీద ఒక పేపర్ రాశారు. అతిథికి తలుపు తెరవడమే క్రైస్తవ నీతికి మొదటి మెట్టు అని అందులో ఒక వాక్యం. సాదా వాక్యం. ఏ సండేస్కూలు టీచరైనా చెప్పగలిగేదే. ఆ రోజు నాకు జలుబు. కళ్లవెంట నీళ్లు కారుతున్నాయి. 'ల'కి ఉండాల్సిన కొమ్ము ఎగిరిపోయింది, నేను చూడలేదు. అతిథికి తలపు తెరవడమే మొదటి మెట్టు అని అచ్చయి, పత్రిక ఊరూరా వెళ్లిపోయింది.

నేను తేలు కుట్టిన దొంగలా ఊరుకున్నాను. పది రోజులకి ఎక్కడో దూరపు కళాశాల నుంచి ఒక మహాపండితుడు ఉత్తరం రాశాడు. ఇన్నాళ్లూ గడపలూ గొళ్లేలూ పట్టుకుని వేళ్లాడుతున్న ఆతిథ్య నీతిని ఈ ఒక్క మాట మనసు లోపలికి తీసుకెళ్లిందట. తలుపు నుంచి తలపుకి రావడం ఈ శతాబ్దపు మలుపట!

ఫుట్‌నోటుగారు నన్ను పిలిపించారు. ఉద్యోగం ఊడిందనుకున్నాను. ఆయన పత్రికను రెండు చేతులా పట్టుకుని ఆ మాటనే చూస్తున్నారు. నేను నీళ్లు నములుతూ కొమ్ము సంగతి ఎత్తబోయాను.

"తప్పేమీ లేదయ్యా," అన్నారాయన. "నేను రాసిందే అది."

పెద్దవాళ్లు అంతమాట అన్నాక కాదనడానికి నేనెవర్ని? ఆ పేపరే పెరిగి పెరిగి నాలుగువందల పన్నెండు పేజీల పుస్తకమైంది. పేరు 'తెరిచిన తలపు'.

సారాంశం మీకు ఊరికే చెబుతాను. తలుపు తీయడం ఒక క్రియ. క్రియల వల్ల రక్షణ లేదని, విశ్వాసం వల్ల, కృప వల్లే ఉందని మనవాళ్లు ఐదువందల ఏళ్లుగా మొత్తుకుంటున్నారు కదా? మరి తలుపు తీసి, ఏదో మంచిపని చేశానన్న గర్వంలో పడి, ఆత్మకి ముప్పు తెచ్చుకోవడం ఎందుకొచ్చిన రిస్కు? రెండోది, తీసేవాడు లోపల ఉంటాడు, తట్టేవాడు బయట ఉంటాడు. తీయడమంటే ఆ ఎక్కువతక్కువల్ని ఒప్పుకోవడమే. తీయకపోతే ఇద్దరూ సమానమే, ఒకరికొకరు కనబడరు గనక! మూడో కారణం నాకు అర్థం కాలేదు. కాబట్టి అది చాలా గొప్పదై ఉండాలి.

నేను వెంటనే ఆచరణలో పెట్టాను. మొన్న పక్కింటాయన నిచ్చెన కోసం వచ్చి తట్టాడు. నేను కుర్చీలోంచి కదలకుండా ఆయన కోసం నా తలపు బార్లా తెరిచాను. కాసేపు చూసి వెళ్లిపోయాడు. ఆయనకి నిచ్చెన మోసే శ్రమ తప్పింది, నాకు లేచే శ్రమ తప్పింది. రేపు ఆస్పత్రులు కూడా ఈ పద్ధతి మొదలుపెడితే డాక్టర్లు ఎంత హాయిగా నిద్రపోతారో ఊహించుకోండి!

సరిగ్గా ఆ పుస్తకం ప్రూఫుల్లో ఉండగా ఆయమ్మ వెళ్లి ఫుట్‌నోటుగారి తలుపు తట్టింది.

ఆయమ్మ అంటే మా క్లాసురూములు ఊడ్చే మనిషి. ఆవిడ పెనిమిటి మా వాచ్‌మన్. గేటు పక్క ఒంటిగదిలో ఇరవయ్యారేళ్లు కాపురం చేశారు. మొన్నామధ్య ఆయన పోయాడు. ఆయన స్థానంలో దానంతటదే తెరుచుకునే గేటు పెట్టారు. గది వాచ్‌మన్‌ది గనక, వాచ్‌మన్ లేడు గనక, నెలాఖరుకి ఖాళీ చెయ్యమని ఆయమ్మకి నోటీసు ఇచ్చారు. లాజిక్కులో ఏమైనా లోపముందా? ఊడ్చే పని ఉంచారు, ఉండే చోటు తీశారు, అంతే. క్వార్టర్స్ కమిటీకి పెద్ద ఫుట్‌నోటుగారు. అందుకే ఆయన దగ్గరికి వెళ్లింది.

ఆయన కసిరి పంపేశారనుకుంటున్నారేమో. ఆధునిక పండితుణ్ణి మీరు అవమానిస్తున్నారు! కుర్చీ వేయించారు. ఆవిడ చెప్పిందంతా శ్రద్ధగా రాసుకున్నారు. మధ్యలో కళ్లజోడు తీసి తుడుచుకున్నారు కూడా. అది చూసి ఆయమ్మ గది దక్కిందనుకుంది. వారం తిరిగేసరికి ఆవిడ గోడు పుస్తకంలో ఆరో అధ్యాయమైంది.

గది అడిగితే అధ్యాయం ఇచ్చారు! గదిలో అయితే ఒక్క మనిషే పడుకుంటుంది. అధ్యాయంలో లోకంలోని నిలువనీడ లేనివాళ్లందరికీ చోటుంటుంది. ఏది పెద్ద దానమో మీరే చెప్పండి.

పుస్తకం అచ్చుకి వెళ్లేముందు దానిమీద ఒక సెమినార్ పెట్టారు. నెలాఖరుకి ఇంకా మూడు రోజులున్నాయి. హాలు ఊడ్చిందీ, నూట ఇరవై కుర్చీలు తుడిచి వేసిందీ ఆయమ్మే. ఒక పండితుడు లేచి, పొరుగు అనేది ఎక్కడ మొదలై ఎక్కడ ముగుస్తుందో తేలేదాకా పొరుగువాణ్ణి ప్రేమించడం వాయిదా వేసుకోవడమే నిజాయితీ అన్నాడు. ఒక పండితురాలు లేచి, పొరుగువాడు అనడంలో మగవాడే కనబడుతున్నాడు, ఆడవాళ్ల మాటేమిటని నిలదీసింది. హాలంతా చప్పట్లు. అసలు ఆడమనిషి ఆయమ్మ వెనకవరసలో చీపురు పట్టుకునే నిలబడి ఉంది, ఎవరూ వెనక్కి తిరిగి చూడలేదు.

చివర్లో ప్రశ్నలేమైనా ఉన్నాయా అని అడిగారు. అలా అడగడం ఆనవాయితీ, ఏమీ లేవనడం మర్యాద. ఆయమ్మకి ఆ మర్యాద తెలియదు.

"అయ్యా, నాకు చదువు రాదు," అంది. "నాకోసం తలపు తెరిచామని పొద్దున్నించీ చెబుతున్నారు. అందులో నా మంచం పడుతుందా?"

హాలు మొత్తం అప్పుడు వెనక్కి తిరిగి చూసింది. ఫుట్‌నోటుగారు మాత్రం తడబడలేదు. జేబులోంచి పెన్ను తీసి ఆ మాట రాసుకున్నారు. ఇప్పుడది పుస్తకం మొదటి పేజీలో పెద్దక్షరాల్లో ఉంది. కింద ఆవిడ పేరు లేదు లెండి. పేరు వేస్తే ఆవిడ గౌరవానికి భంగమట. నీతిశాస్త్రమంటే అదీ!

ఆ సాయంత్రం ఆయమ్మ ప్రెస్సు ఊడవడానికి వచ్చింది. చల్లకొచ్చి ముంత దాచినట్టు నా టేబుల్ కిందే చాలాసేపు ఊడ్చింది. చివరికి, తలుపుకీ తలపుకీ తేడా ఏమిటి బాబూ అని అడిగింది. మా ఆవిడక్కూడా చెప్పని సంగతి, ఎందుకో ఆవిడకి చెప్పేశాను. కాగితం మీద రెండు మాటలూ పక్కపక్కనే రాసి చూపించాను. అసలు మాట తలుపేనని, తప్పు నాదేనని, ఒక్క కొమ్ము పడకపోవడం మీద ఇంత పుస్తకం లేచిందని ఒప్పుకున్నాను. ఆయమ్మ ఆ కొమ్ము మీద వేలు పెట్టి చూసింది.

"ఇంతేనా? అయితే పెట్టెయ్యి బాబూ," అంది. "తలుపు అని ఉంటే తీస్తారు కదా."

చివరి ప్రూఫు నా ముందే ఉంది. ఎర్రపెన్ను చేతిలోనే ఉంది. అదంత సులువు కాదని, పెద్దల వ్యవహారమని, మాటలకి కొత్త అర్థాలు రావడం భాషకి సహజమని నేను చాలా చెప్పాను. ఫుట్‌నోటుగారైనా అంత బాగా చెప్పలేరు. ఆయమ్మ అంతా విని, సరే బాబూ అని చీపురు తీసుకుని వెళ్లిపోయింది. నేనేమీ చెడ్డవాణ్ణి కాదు. కాకపోతే నా రెండు గదులూ ఆ కమిటీ చేతిలోనే ఉన్నాయి కదా?

నెలాఖరున ఆయమ్మ ట్రంకుపెట్టె, మడతమంచం తీసుకుని బయల్దేరింది. కొత్త గేటు దానంతటదే తెరుచుకుంది. రోడ్డు అవతల బట్టలు ఇస్త్రీ చేసే ఒకావిడ ఉంది. వేదాంతం మీద ఒక్క వ్యాసమూ చదివిన పాపాన పోలేదు. ఆయమ్మని చూసి బొగ్గుల బస్తా పక్కకి జరిపిందట, అంతే. ఆ రేకుల షెడ్డుకి తలుపే లేదు, గోనెపట్టా ఒకటి వేళ్లాడుతుంటుంది. తలుపే లేనిచోట తలపు గురించి ఎవరు ఆలోచిస్తారు? పాపం, వెనకబడినవాళ్లు!

గేటు పక్క గదికి సున్నం వేసి 'ఆతిథ్య నీతి అధ్యయన కేంద్రం' అని బోర్డు పెట్టారు. బోర్డు ప్రూఫు కూడా నేనే చూశాను. టేకు తలుపు, కార్డు చూపిస్తే గానీ తెరుచుకోని తాళం. అక్కడా ఊడ్చేది ఆయమ్మే. ఆవిడకి కార్డు లేదు. రోజూ పొద్దున్నే తన గది తలుపు తనే తట్టి, ఎవరైనా తీసేదాకా బయట నిలబడుతుంది.

పాఠకులారా, ఈ వ్యాసంలో తలుపు అని రాయాల్సిన ప్రతిచోటా కొమ్ము పెట్టాను, కావాలంటే చూసుకోండి. పుస్తకంలో మాత్రం పెట్టలేదు. నాలుగువందల పన్నెండు పేజీలూ ఇంకొకసారి తిరగేసి, ఆఖరి పేజీ అడుగున 'అచ్చుతప్పులు లేవు' అని రాసి సంతకం చేశాను.