రోకలి ఆపండి, విశ్వం వినాలి!

మా ఊరికి సెల్ టవర్ లేదు, బస్సు రాదు, వాగు మీద వంతెన లేదు. ఇంతకన్నా అదృష్టం ఏ ఊరికైనా పడుతుందా!

నవ్వకండి. నూట ముప్పై కోట్ల ఏళ్ల కిందట రెండు కృష్ణబిలాలు గుద్దుకుంటే, ఆ అదురు ఇన్నాళ్లకు భూమిని తాకింది. ప్రోటాన్‌లో వెయ్యో వంతు కదలిక! దాన్నీ యంత్రంతో పట్టేశారు. అంతదాకా ఆకాశాన్ని చూడ్డమే తెలిసిన ఖగోళశాస్త్రానికి చెవులు మొలిచాయి. ఆ చెవులకు నిశ్శబ్దం కావాలి. అది కిష్టారం అడవుల అవతలి మా ఊళ్లో కాక ఇంకెక్కడ దొరుకుతుంది?

అందుకే సైంటిస్టు నాగార్జున సారు వచ్చాడు. అలాంటి యంత్రం పెట్టడానికి చోటు వెతుకుతున్నానని, నేల అదురును కొలిచే పెట్టె ఒకటి పాతాడు. పదిహేను రోజులు చప్పుడు చేయొద్దన్నాడు.

"కారం దంచుకోవద్దా?" అంది సోమక్క.

"వద్దమ్మా, నేల అదురుతుంది."

"మరి మేకలు?"

"మెల్లగా నడిపించండి."

మేకలు కాసే ఆయతు వాటి కాళ్లకు గోనెగుడ్డలు చుట్టాడు. సోమక్క మిరపకాయలు మూటగట్టుకుపోయి పక్క ఊళ్లో దంచుకొచ్చింది. కోడిపందెం సైగలతో నడిపాం. కోళ్లకే అర్థం కాలేదు. సైన్సంటే మాకంత గౌరవం!

పన్నెండో రోజు పొద్దున సోమక్క కూతురు బిందుకు నొప్పులొచ్చాయి. ఆయతు సిగ్నల్ కోసం గుట్టెక్కి అంబులెన్స్‌కు ఫోన్ చేశాడు. అది వాగు అవతలే ఆగిపోయింది. నలుగురం బిందును మంచంతో సహా ఎత్తుకుని నాలుగు కిలోమీటర్లు పరుగెత్తాం. వాగులో గుండెల లోతు నీళ్లు. మంచం భుజాల మీంచి తలల మీదికి లేచింది.

"ఓర్చుకో బిడ్డా, ఒడ్డొచ్చింది," అంటూ సోమక్క పక్కనే మునుగుతూ తేలుతూ వచ్చింది.

అవతలి ఒడ్డున, అంబులెన్స్ తలుపు తీసేలోపే ఆడపిల్ల పుట్టింది. తల్లీబిడ్డా క్షేమం.

మేం తిరిగొచ్చేసరికి సారు లాప్‌టాప్ ముందు తల పట్టుక్కూర్చున్నాడు. తెర మీద గీత కొండలు కొండలుగా లేచి ఉంది.

"ఏంది సారూ అది?" అంది సోమక్క.

"మీ పరుగే. నాయిస్. తీసేస్తాను."

"నాయిస్ ఏంది సారూ, అది మా బిందు నొప్పులు!"

సారు మీట నొక్కాడు. గీత చదునైపోయింది.

సరైన పనే చేశాడు! మంచం మోతలు తీసేస్తేనే గదా కృష్ణబిలాలు శుభ్రంగా వినబడేది. విననివ్వండి పాపం. వాటి మొరైనా వినేవాళ్లున్నారు!