ముక్కుకందని ముద్ర

ఒక పెద్ద అడవిలో, ఆ అడవి అంత పెద్దదని తెలియని చిన్న ముంగిసలు ఓ పాతిక ఉండేవి. చెదలు వదిలేసి పోయిన పాత పుట్టొకటి వాటి ఇల్లు. ఇంటి పెద్ద మాణిక్యమ్మ. ఆ ముంగిసల్లో పెత్తనం ఆడవాళ్లదే కాబట్టి, ఆవిడ మాటకు మొగుడితో సహా ఎవరూ ఎదురు చెప్పేవారు కారు.

సరిహద్దు చూసుకునేది ఆవిడ చెల్లెలు నాంచారమ్మ. తెల్లవారగానే పొలిమేర రాయి దగ్గరికి వెళ్లి, ముందుకాళ్ల మీద తలకిందులుగా నిలబడి, తోక కింది వాసనను రాయికి రుద్ది వచ్చేది. అలా నిలబడితే ముద్ర సరిగ్గా ముక్కు ఎత్తున పడుతుంది. పక్క పుట్టవాళ్లు వచ్చి వాసన చూసి, ఎవరో బాగా ఎదిగినవాళ్లే ఉన్నట్టున్నారనుకుని వెనక్కి తిరిగేవారు. నాలుగేళ్లుగా ఒక్క కొట్లాట లేదు. కొట్లాట లేదు గనక నాంచారమ్మ అనే ఒకతె పని చేస్తోందని ఎవరికీ గుర్తు లేదు.

ఆ ఏడు మాణిక్యమ్మకు నాలుగు పిల్లలు పుట్టాయి. కళ్లింకా తెరవలేదు. వాటిని కనిపెట్టుకుని ఉండే పనీ నాంచారమ్మ మీదే పడింది. కన్నది అక్కయినా, కడుపు కింద పెట్టుకుని వెచ్చబెట్టేది తనే కాబట్టి అవి తన పిల్లలేనని లోలోపల అనుకునేది.

అందరిలోకీ పొట్టివాడు పొడుగయ్య. పురుగు పట్టడం రాదు, కాపలా కాయడం రాదు, మాట్లాడటం వచ్చు. ఒకరోజు సభలో లేచి, మన పరువు మన ముద్ర ఎత్తును బట్టే ఉంటుందని, ఈ జానెడు ముద్రతో ఎన్నాళ్లు తలదించుకుని బతుకుతామని అడిగాడు. అప్పటిదాకా మాణిక్యమ్మ తాను పొట్టిదాన్ననుకోలేదు. ఆ రోజు నుంచి అనుకోవడం మొదలుపెట్టింది.

"వాసన చూసేది ముక్కుతోనే కదక్కా. వాళ్ల ముక్కు ఉండేది ఇక్కడే," అని నాంచారమ్మ తన ముక్కు చూపించింది.

"మీది మరీ నేలబారు చూపు, నాంచారమ్మగారూ," అన్నాడు పొడుగయ్య జాలిగా.

మరుసటి రోజే ఎత్తు పెంపు సంఘం వెలిసింది. అధ్యక్షుడెవరో చెప్పక్కర్లేదు. మొదట రాయి పక్కనున్న మొద్దెక్కి ముద్ర వేశారు. తర్వాత మొద్దు మీద ఒకరి వీపున ఒకరు ఎక్కారు. కాపలావాళ్లను నిచ్చెన పనికి, పురుగులు తవ్వేవాళ్లను చప్పట్లకు మళ్లించారు. వారం తిరిగేసరికి ముద్ర ఆ పక్కనే ఉన్న మద్దిచెట్టు కొమ్మల పంగలోకి చేరింది.

ఒకే పొలిమేరలో రెండు ఎత్తుల ముద్రలుంటే నలుగురూ నవ్విపోతారని, కిందిదాన్ని చెరిపేయాలని సంఘం తీర్మానించింది. ఆ పని నాంచారమ్మకే అప్పగించారు. నాలుగేళ్ల ముద్రను తడిమట్టితో తనే రుద్దేస్తుంటే ఆవిడకు ఏడుపొచ్చింది. అక్క మాట కాబట్టి కాదనలేకపోయింది.

పంగ ముద్రకు ప్రారంభోత్సవం చేశారు. అది అయ్యాక పొడుగయ్యను భుజాల మీద మోసుకుంటూ అడవి అవతలి చివరిదాకా ఊరేగింపు తీశారు. పుట్టలో నాంచారమ్మ, నాలుగు పిల్లలు మిగిలారు.

అదే పొద్దున పక్క పుట్టవాళ్లు ముప్పైమంది పొలిమేరకు వచ్చారు. వాళ్ల పెద్ద చెంగమ్మ రాయి చుట్టూ మూడుసార్లు వాసన చూసింది. మట్టి వాసన తప్ప ఏమీ లేదు. పాపం, ఖాళీ చేసి పోయినట్టున్నారనుకుని అందర్నీ వెంటబెట్టుకుని నేరుగా పుట్ట దగ్గరికి వచ్చేసింది.

నాంచారమ్మ ఒళ్లంతా ఉబ్బించుకుని గుమ్మంలో నిలబడింది. లోపల పిల్లలు కీచుమంటున్నాయి.

"మా ముద్ర దాటి ఎలా వచ్చారమ్మా?"

"ముద్రుంటే ఎందుకొస్తాం తల్లీ? ఏదీ, ఎక్కడుంది?"

నాంచారమ్మ మద్దిచెట్టు పంగ వైపు చూపించింది. ముప్పై ముక్కులూ పైకి లేచాయి.

"ముంగిసకు అంత ఎత్తున పనేముంటుందమ్మా? అక్కడేదైనా వాసనొచ్చినా ఏ కోతిదో అనుకుంటాం," అంది చెంగమ్మ.

పుట్ట వాళ్లకు బాగా నచ్చింది. పొమ్మంటే పోయేలా లేరు. పిల్లల్నయినా తీసుకుపోనిమ్మని నాంచారమ్మ బతిమాలితే చెంగమ్మ పక్కకు జరిగింది. నాంచారమ్మ పిల్లల్ని మెడ దగ్గర నోట కరుచుకుని ఒక్కొక్కదాన్నే వాగు గట్టున పుచ్చిపోయిన దుంగ కిందికి చేర్చింది. నాలుగో పిల్లను తెచ్చేదాకా ఆవిడ ప్రాణం ఆవిడ దగ్గర లేదు.

సాయంత్రానికి ఊరేగింపు తిరిగొచ్చి, సొంత గుమ్మంలోంచే తరిమించుకుని, దుంగ కిందికి చేరింది. అక్కడే విచారణ జరిగింది. ముద్ర ఇంకో బారెడు ఎత్తున ఉండుంటే ఈ నష్టం జరిగేది కాదని పొడుగయ్య తేల్చాడు. పైగా, కింది ముద్రను చెరిపిన నాంచారమ్మదే అసలు తప్పన్నాడు. మాణిక్యమ్మ పిల్లల్ని నాకుతూ, చెల్లెలి మొహం చూడకుండానే తలూపింది. నాంచారమ్మను సరిహద్దు పని నుంచి తప్పించారు.

మర్నాడు ఎవరూ లేవకముందే నాంచారమ్మ దుంగ చివరికి వెళ్లి, తలకిందులుగా నిలబడి, ముక్కు ఎత్తున ముద్ర వేసి వచ్చింది. కాసేపటికి చెంగమ్మవాళ్లు ఇద్దరొచ్చి, వాసన చూసి, మర్యాదగా వెనక్కి మళ్లారు.

వాళ్లు మళ్లిపోవడం పొడుగయ్య చూశాడు. ఆ రోజే సభ పెట్టించి, మద్దిచెట్టు ముద్ర ఇప్పటికి పనిచేయడం మొదలుపెట్టిందని ప్రకటించాడు. అందరూ చప్పట్లు కొట్టారు. నాంచారమ్మ కూడా కొట్టింది, పిల్లలు లేస్తాయని కాస్త మెల్లగా.

నీతి: ముక్కుకందే ఎత్తున ముద్ర వేస్తే ఇల్లు నిలుస్తుంది, అందని ఎత్తున వేస్తే పదవి నిలుస్తుంది.