సైటుకు తగ్గ తాళం

ఆ ఉదయం మేస్త్రీ పెట్టుకున్న పని ఒక్కటే. కోడలు తయారుచేసిన వెబ్‌సైటును కళ్లారా చూసుకుని, కాలరెగరేసుకుంటూ షాపుకి వెళ్లడం. ఇనప్పెట్టెలు, తాళాలు చేయడంలో ఆయన చెయ్యి తిరిగినవాడు. మ్యూజియం వాళ్లు తమ విలువైన వస్తువుల గదికి తలుపు ఎవరిచేత చేయించాలో ఆ రోజే తేల్చబోతున్నారు. ముందు సైటు చూస్తామని అక్కడి అధికారిణి చెప్పింది. ఆ తలుపు తన చేతి పని కావాలని ఆయనకు ఎన్నాళ్లుగానో కోరిక.

తీరా తెరిస్తే, షాపు చిరునామా పక్కనే "సురక్షితం కాదు" అని కనిపించింది.

ఆయన ముఖం కందగడ్డలా అయింది. "ఎవడమ్మా వీడు? నా తాళం చూడకుండానే వంక పెడతాడా?"

"తాళానికి కాదు మామయ్యా," అంది కోడలు నవ్వాపుకుంటూ. "మన సైటుకి ఎస్‌ఎస్‌ఎల్ సర్టిఫికెట్ లేదు. అది ఉంటే కస్టమరు రాసేది మధ్యలో ఎవరూ చదవలేరు. ఉచితంగా ఇచ్చేవాళ్లున్నారు, చిటికెలో పెట్టేస్తాను."

"ఊరికే వచ్చిన తాళం నా గుమ్మానికా? నలుగురూ ఏమనుకుంటారు?"

ఉచితమైనా గట్టిదేనని ఆమె ఎంత చెప్పినా ఆయన చెవికెక్కలేదు. సర్టిఫికెట్లిచ్చే కంపెనీలన్నీ వరసబెట్టి చూపించమన్నాడు. ఒకరు మరీ తొందరగా ఇస్తామంటున్నారని, ఇంకొకరు మరీ తియ్యగా మాట్లాడుతున్నారని పక్కన పెట్టాడు. చివరికి ఒక కంపెనీ దగ్గర ఆగాడు. షాపు నిజంగా ఉందా, పత్రాలేవి, ఫోన్ చేసి కనుక్కోవచ్చా అని అది సవాలక్ష ప్రశ్నలు వేసింది.

"కంపెనీ అంటే ఇదీ. మనల్ని బొత్తిగా నమ్మడం లేదు చూడు," అని మురిసిపోయాడు.

దరఖాస్తు పెట్టగానే ఆ కంపెనీ వాళ్లు షాపుకి ఫోన్ చేశారు. ఎత్తింది మేస్త్రీ భార్య. ముక్కూమొహం తెలియనివాళ్లకి షాపు సంగతులు పొక్కనివ్వకూడదని ఆయనే నియమం పెట్టాడు. ఈ షాపు ఎవరిదని అడిగినవాళ్లకి ఆవిడ, "మాకు తెలియదండీ," అని చెప్పి పెట్టేసింది. దరఖాస్తు చెల్లదని కోడలికి వెంటనే కబురొచ్చింది.

మేస్త్రీ షాపుకి పరుగెత్తాడు. "వాళ్లు మనం పిలిచినవాళ్లేనే. ఈసారి అడిగింది చెప్పు."

"అలాగేనండీ," అంటుండగానే ఫోన్ మోగింది. ఆవిడ ఎత్తి, షాపు మాదేనంది. ఇంకాస్త విన్నాక గొంతు మారిపోయింది. "ఊళ్లో బంగారం కొట్లకి మేం ఏ తాళాలు చేశామో నీకెందుకమ్మా? మళ్లీ చేశావంటే పోలీసులకి చెప్తాను."

మేస్త్రీ ఫోన్ లాక్కుని నంబరు చూశాడు. అది మ్యూజియం అధికారిణిది. సైటు చూస్తే అలా ఏడ్చింది, భార్య చూస్తే ఇలా చీవాట్లు పెట్టింది. భార్యను తప్పుపట్టడానికీ లేదు. ఆవిడ చేసింది తను నేర్పిందే. స్టూలు మీద చతికిలబడ్డాడు.

కాసేపటికి అధికారిణి స్వయంగా వచ్చింది.

"పొద్దున్నుంచి తాళాల షాపులన్నిటికీ అదే ప్రశ్న వేశానండీ. ఎవరికేం చేశారో అందరూ పూసగుచ్చినట్టు చెప్పారు. తిట్టింది మీ ఆవిడొక్కరే. మా తలుపు మీరే చెయ్యాలి."

మేస్త్రీ భార్య వైపు చూశాడు. తను చేసిన ఏ తాళాన్ని చూసుకుని కూడా ఆయన అంత గర్వపడలేదు. ఆవిడ మాత్రం అధికారిణి గుర్తింపు కార్డును వెలుతురుకు పెట్టి పరీక్షగా చూస్తోంది.

"మా సైటు చూశారా అండీ?" అన్నాడు నసుగుతూ.

"తెరవబోయానండీ. సురక్షితం కాదని వచ్చింది, మూసేశాను."

ఆ జాగ్రత్తను మేస్త్రీ మనసారా మెచ్చుకున్నాడు.