మంత్రిగారికి కనెక్షన్ దొరికింది

"కనెక్షన్ ఎర్రర్ అనేది సాంకేతిక సమస్య కాదు, గిట్టనివాళ్ల ప్రచారం" అని మా సాంకేతిక శాఖ మంత్రిగారు ప్రకటించగానే హాలు చప్పట్లతో మార్మోగింది. మొదటి చప్పట్లు నావే. మంత్రిగారి పేషీలో పత్రికా ప్రకటనలు రాసేవాణ్ణి నేనే కనుక, ఏ వాక్యం తర్వాత చప్పట్లు కొట్టాలో నాకు ముందే తెలుస్తుంది.

దీనంతటికీ కారణం కళ్లజోళ్ల దుకాణంలో పనిచేసే ఒక అమ్మాయి. స్నేహితులు ఆమెను 'గురి' అని పిలుస్తారు. కంప్యూటర్‌లో ఆన్‌లైన్ యుద్ధాలాడటంలో దిట్ట. అవతలివాడి కోటెక్కి జెండా పాతితే గెలిచినట్టు. జాతీయ పోటీల ఫైనల్లో ఆమె జెండా పాతబోతుండగా తెరమీద 'సర్వర్‌తో సంబంధం తెగిపోయింది' అని పడింది. తిరిగి కలిసేసరికి అవతలివాడు కప్పు పట్టుకుని ఫొటో దిగుతున్నాడు. మీ ఊరి లైను బాగాలేదని మంత్రిగారి చేత ఒప్పిస్తే ఆట మళ్లీ పెడతామని పోటీలవాళ్లు అన్నారట. అందుకని పేషీకి వచ్చింది.

"లైను బాగాలేదని నేనొప్పుకుంటే, నేను బాగాలేనని ఒప్పుకున్నట్టే కదమ్మా?" అన్నారు మంత్రిగారు. "ఓ పని చెయ్యి. నీతో నేనే ఆడతాను. నా కంప్యూటర్‌లో ఎర్రర్ వచ్చిందని నిరూపిస్తే, నువ్వడిగిన కాగితం మీద సంతకం పెడతా."

ఇంతటి సాహసం ఏ మంత్రీ చేసి ఉండరు. మౌసు ఏ చేత్తో పట్టుకోవాలో కూడా ఆయన అప్పటికి నిర్ణయించుకోలేదు.

పేషీ పక్క హాల్లో పొడుగు బల్లకు ఆ చివరొకటి, ఈ చివరొకటి కంప్యూటర్లు పెట్టారు. గోడమీద పెద్ద తెర. దానికి బయట నిలబెట్టిన టీవీ వ్యాన్ నుంచి, ఉపగ్రహం ద్వారా, ఆట విడిగా ప్రసారం. మంత్రిగారు కూర్చుని మీట నొక్కారు. ఎర్రర్ వచ్చింది.

"సార్, వచ్చిందండీ" అంది అమ్మాయి.

"ఆట మొదలవకముందు వచ్చేది ఎర్రర్ కాదమ్మా, ముందుమాట" అన్నాడు పీఏ.

మంత్రిగారు తెర చదివారు. "ఎవడయ్యా ఈ సర్వరు? ఇంతమందిమి కూర్చుంటే పలకడేం?"

"మనిషి కాదండీ, ఆట నడిపే పెద్ద కంప్యూటరు. ఎక్కడో దూరంగా ఉంటుంది" అన్నారు నెట్‌వర్క్ డైరెక్టరుగారు.

"బదిలీ చేసి దగ్గరికి తెప్పించండి."

డైరెక్టరుగారు ఆ మాట రాసుకుని, రౌటర్ ఒకసారి ఆపి మళ్లీ ఆన్ చెయ్యాలన్నారు. పీఏ అదిరిపడ్డాడు. "ఆపడమా! అది సారు చేతులమీదుగా ప్రారంభించిన రౌటరయ్యా!" చివరికి ఆపకుండా, రౌటర్‌కు కాసేపు విశ్రాంతి ఇచ్చారు. విశ్రాంతిలో ఎవరూ భంగం కలిగించకుండా పక్కన కానిస్టేబుల్ నిలబడ్డాడు.

"ఇప్పుడు పింగ్ తొమ్మిదొందలుందండీ" అన్నారు డైరెక్టరుగారు.

"ఆ అమ్మాయిది?"

"ఆవిడదీ అంతేనండీ."

"నాది వెయ్యి చెయ్యండి" అన్నారు మంత్రిగారు. మళ్లీ చప్పట్లు. పింగ్ అంటే ఆలస్యమని, ఎంత తక్కువుంటే అంత మంచిదని డైరెక్టరుగారు నా చెవిలో చెప్పారు. ప్రమోషన్ ఇంకా రావలసి ఉంది కనుక మంత్రిగారి చెవిలో చెప్పలేదు.

"కంప్యూటర్లకు కాపలా గోడ, ఫైర్‌వాల్, అడ్డొస్తోందేమోనండీ" అన్నారాయన నసుగుతూ.

"అడ్డొస్తే కూల్చండి."

సుత్తులతో మనుషులొచ్చి పక్కగోడ కూల్చారు. దుమ్ము అణిగాక చూస్తే గోడ వెనక కనెక్షన్ ఫిర్యాదుల విభాగం. అలాంటి విభాగం ఒకటుందని మాకు అప్పుడే తెలిసింది. సిబ్బంది లేచి మంత్రిగారికి నమస్కరించారు. వాళ్ల బల్లమీద ఫోను మోగుతూనే ఉంది.

ఎర్రర్ మాత్రం పోలేదు. డైరెక్టరుగారు చెమట తుడుచుకుని అసలు సంగతి చెప్పారు. "ఊరంతటికీ ఉన్నది ఒకటే లైనండీ. అందరూ దానిమీదే పడ్డారు."

"అయితే లేపండి వాళ్లని!"

లేపారు. నగర ప్రజలు మంత్రిగారి కోసం తమ కనెక్షన్లను స్వచ్ఛందంగా త్యాగం చేశారని నేను ప్రకటన రాస్తుండగా మా ఆవిడ ఫోన్ చేసింది. "ఏమండీ, నెట్ పోయింది! పిల్ల ఆన్‌లైన్ పరీక్ష మధ్యలో ఆగిపోయి ఏడుస్తోంది!"

"అది చరిత్రలో పాల్గొంటోందని చెప్పు" అని పెట్టేశాను.

మంత్రిగారికి కనెక్షన్ దొరికింది. అయితే ఊరంటే అందులో ఆ అమ్మాయి కంప్యూటరూ ఉంది.

"సార్, నాకు ఎర్రర్ అండీ" అందామె.

"పందెం సారు కంప్యూటర్ గురించే" అన్నాడు పీఏ.

మనిషి కనెక్షన్ ఊడిపోయినా ఆట ఆగదని, ఖాళీ అయిన చోట ఆటే ఒక బొమ్మని పెట్టి ఆడిస్తుందని డైరెక్టరుగారు వివరించారు. మంత్రిగారు బొమ్మతో తలపడ్డారు. తొలి దెబ్బకే ఒక కోట గుమ్మం ఎగిరిపోయింది. అది ఆయనదే. ఆ గుమ్మంలోంచి అవతలి బొమ్మ తాపీగా లోపలికొచ్చి మెట్లెక్కసాగింది.

"ఎవడయ్యా వీడు?"

"అవతల ఎవరూ లేరండీ."

"మరి ఓడిపోతున్నానేం?"

పీఏ డైరెక్టరుగారి వంక చూశాడు. డైరెక్టరుగారు కలం పడిపోయినట్టు బల్లకిందికి వంగి నెట్ తీగ లాగేశారు. మంత్రిగారి కంప్యూటర్‌లో సంబంధం తెగిపోయింది. కానీ హాల్లో అందరి కళ్లూ పెద్ద తెరమీదే ఉన్నాయి. అక్కడ మంత్రిగారి సైనికుడు ఒక్క క్షణం ఆగి, చటుక్కున వెనక్కి తిరిగాడు. అవతలి బొమ్మను మెట్లమీంచి తోసి, గోడ దూకి, పొలం దాటి అవతలి కోటవైపు పరుగెత్తాడు. అంత చురుకుదనం మంత్రిగారిలో మేమెన్నడూ చూడలేదు. హాలు దద్దరిల్లింది. మంత్రిగారు లేచి రెండు చేతులూ ఊపారు.

"సార్, కూర్చోండి" అని పీఏ గొణిగాడు. "తమరింకా యుద్ధం చేస్తున్నారు."

జెండా పాతారు. ఫొటోగ్రాఫర్లు ముందుకు తోసుకొచ్చారు. ఆ అమ్మాయి బల్ల అవతలి చివర్నుంచి నడిచొచ్చింది. వంగి బల్లకిందనుంచి తీగ కొస తీసి, "సార్, ఇది మీదండీ" అని మంత్రిగారి చేతికిచ్చింది. ఏ చేతిలోంచి ఏం వచ్చినా కెమెరా ముందు పైకెత్తడం ఆయనకు అలవాటు. ఎత్తారు. నవ్వారు. వెనక ఆయన కంప్యూటర్‌మీద ఎర్రర్ అక్షరాలు ఫొటోలో చక్కగా పడ్డాయి.

ఫొటో కింద మాట నేనే రాశాను: 'కనెక్షన్ ఎక్కడా తెగలేదని స్వయంగా చూపిస్తున్న మంత్రిగారు.'

మర్నాడు పేషీ కింద పేపర్ల దుకాణం దగ్గర ఆ అమ్మాయి కనిపించింది. ఆ ఫొటో పడిన పేపరు రెండు కాపీలు కొంటోంది.

"రెండెందుకమ్మా?"

"ఒకటి నాకండీ. ఇంకోటి పోటీలవాళ్లకి పంపిద్దామని."

మంత్రిగారి కీర్తి అంత దూరం వెళుతున్నందుకు నాకు చెప్పలేనంత సంతోషం కలిగింది. కవరు నేనే ఇచ్చాను.